తేల్చవలసినదేమీ లేదు

నకూరు కోర్టులో జడ్జిగారు నా ఫైలుని
రెండు వేళ్ళతో ఎత్తి చూశారు,
తడిసి ఉందేమోనని అనుమానపడ్డట్టు.
"ఈ వ్యాజ్యంలో ఇక తేల్చవలసినదేమీ లేదు" అన్నారు.
నాలుగేళ్ళ రెండు నెలలకి
తొమ్మిది నిమిషాల తీర్పు,
అందులో రెండు ఫ్యాను ఆపించడానికి.

బారింగో సరస్సు ఒడ్డున మా బడి.
ఏడు గదులు, రేకుల కప్పు,
గంటకి బదులు వేలాడే లారీ చక్రపు రిమ్ము.
హెడ్మాస్టరు పదవికి ఇంటర్వ్యూలో
నాకు డెబ్బై ఒకటి, లెనపీర్‌కి అరవై నాలుగు.
కుర్చీ లెనపీర్‌కి.
వాళ్ళ మామ బోర్డులో ఉన్నాడని నేనన్నాను.
కొండ మీది మనిషికి ఒడ్డు మీది బడి ఎందుకని వాళ్ళన్నారు.
నీళ్ళొదులుకో జెబివోట్, అంది మా అక్క.
నేను వదులుకోలేదు.
రెండు మేకలూ, అమ్మ కుట్టుమిషనూ అమ్మి
వకీలుని పెట్టుకున్నాను.

మొదటి వాయిదాకి నీళ్ళు ముళ్ళకంచె దాకా వచ్చాయి.
రెండో వాయిదాకి మైదానంలో
ఒక్క గోలుపోస్టే మిగిలింది.
కమిషన్ వకీలు గడువడిగాడు.
సరస్సు అడగలేదు.
మూడో వాయిదానాటికి జడ్జిగారికి బదిలీ అయింది,
ఒకటో తరగతిలోకి చేపపిల్లలొచ్చాయి,
హాజరు పలక్కుండా.
జాప్యమైతే కేసు నీరుగారిపోతుందని
మా వకీలు భయపడుతూనే ఉన్నాడు పాపం,
ఆయనకి ఈత కూడా రాదు.

ఒక తెల్లవారుజామున
హెడ్మాస్టరు గది మెట్ల మీద
మొసలి పడుకుని ఉంది,
ఎవరి సంతకమూ అక్కర్లేని నియామకం.
లెనపీరూ నేనూ ఆ రోజు
ఒకే బల్లకి చెరోవైపు పట్టుకుని
రిజిస్టర్లు గట్టుకి చేరవేశాం.
మాట్లాడుకోలేదు. కేసు నడుస్తోంది కదా.

తర్వాత కమిషన్ ఉత్తరం వచ్చింది: బడి మూసివేయడమైనది.
పిల్లల్ని తలో బడికీ పంచారు, గింజలు చల్లినట్టు.
అతన్ని మారిగాట్ అవతల
మామూలు టీచరుగా వేశారు,
నన్నూ అక్కడికే.
ఒకే స్టాఫ్‌రూము, ఒకే ఫ్లాస్కు.
అయినా కేసు ఆపలేదు నేను.
కుర్చీ మునిగిందని న్యాయం కూడా
మునగాలా అని ఎవరైనా అడగాలి కదా.

గెలిచానని చెప్పలేదు జడ్జిగారు,
ఓడిపోయానని చెప్పినా
ఏడవడానికి చోటుండేది.
ప్రశ్నే లేదన్నారు.
ఖర్చులు ఎవరివి వాళ్ళే భరించాలన్నారు.

సాయంత్రం ఆఖరి మటాటూ ఒక్కటే.
మూడో ప్రతివాది నా పక్కనే కూర్చున్నాడు.
కండక్టరొస్తే ఇద్దరి చార్జీ తనే ఇచ్చేశాడు.
కోర్టు ఉత్తర్వుని ధిక్కరిస్తున్నావన్నాను.
నాలుగేళ్ళలో అతను నవ్వడం
అప్పుడే చూశాను, పై పన్ను ఒకటి లేదు.

ఆదివారం వాళ్ళ తమ్ముడి తెప్ప మీద వెళ్ళాం.
రిమ్ము దొరుకుతుందేమో చూద్దామన్నాడు.
నీళ్ళు బురద టీ రంగులో ఉన్నాయి.
కప్పు అంచు జానెడు బయటికుంది,
దాని మీద నీటికాకి రెక్కలారేసుకుంటోంది.
అప్పుడడిగాను:
"నా మార్కులెన్నో నీకు తెలుసా?"
చుట్టూ అన్ని నీళ్ళుండగా
అతను నీళ్ళు నమిలాడు.
"తెలుసు" అన్నాడు చివరికి. "మొదటి రోజే."

నేనేమీ అనలేదు.
ఆ మాట ఏ ఫైల్లోనూ లేదు.
ఏ గుమాస్తా దానికి నంబరు వెయ్యడు.
కోపం రావాలి, వచ్చింది కూడా.
దాన్ని ఎక్కడ దాఖలు చెయ్యాలో తెలియక
చెయ్యి నీళ్ళలో పెట్టి ఉంచాను,
మొసళ్ళుంటాయి, తియ్యమన్నాడు.

రిమ్ము దొరకలేదు.
తిరిగి వస్తుంటే తెడ్డుకి కింద
రేకు తగిలి డుమ్మంది.
"మూడో తరగతి" అన్నాడు.
"కాదు, నాలుగు" అన్నాను.
మూడే అన్నాడు, కిటికీ ఇటువైపుండేదని.
నాలుగే, ఆ కిటికీకి అద్దం వేయించింది నేనని.
ఒడ్డు చేరేదాకా వాదించుకున్నాం.